మూడు వేళ్ల లెక్క

మంగళవారం, 18 జూన్ 2024

బడి తెరిచి వారం కూడా కాలేదు, అప్పుడే సెలవు పెట్టాల్సి వచ్చింది. లేబర్ ఆఫీసులో తమ్ముడి కేసు వాయిదా. వాణ్ణి ఒక్కణ్ణే పంపితే ఎవరేం చెప్పినా తల ఊపి వచ్చేస్తాడు.

బస్సులో నాకు జీరో టికెట్. వాడు ఎడమచేత్తో జేబు తడుముకుని డబ్బులిచ్చాడు. కుడిచెయ్యి ఎండలో కూడా తువ్వాలు కిందే ఉంటుంది.

పోయిన నవంబరులో, రేకును నొక్కి పీసులు తీసే పవర్ ప్రెస్ యంత్రం కింద వాడి చూపుడు, మధ్య, ఉంగరపు వేళ్లు పోయాయి. షెడ్డులో పనిచేసేది ఆరుగురే. పదిమంది ఉంటే ఈఎస్ఐ, అంటే కార్మికుల బీమా, వర్తించేది, వైద్యం, పింఛను అక్కడే చూసుకునేవాళ్లు. అది లేదు కాబట్టి 1923 నాటి పరిహార చట్టం కింద కేసు వేశాం.

బెంచీ మీద కూర్చున్నప్పుడు లాయరు గారు ఒక కాగితం వెనక లెక్క వేసి చూపించారు. నెల జీతంలో 60 శాతం తీసుకోవాలి. దాన్ని వయసుకు తగ్గ అంకెతో హెచ్చించాలి. చట్టం చివర పట్టిక ఉంది, 30 ఏళ్లకు 207.98, 50 ఏళ్లకు 153.09. వచ్చినదాంట్లో గాయానికి రాసిన శాతం ఇస్తారు. ఒక చేతి మూడు వేళ్లకు 30 శాతం. తమ్ముడికి 30 ఏళ్లు, జీతం 14,000. అంటే 8,400ను 207.98తో హెచ్చిస్తే 17,47,032. అందులో 30 శాతం 5,24,109 రూపాయలు.

నేను పిల్లలకు రోజూ శాతాలు నేర్పుతాను. ఇవాళ ఆ లెక్క చూస్తుంటే చేతులు చల్లబడ్డాయి.

లోపలికి పిలిచాక సేటు, అంటే షెడ్డు యజమాని, తరఫు లాయరు ఒక జీతాల రిజిస్టరు పెట్టాడు. అందులో తమ్ముడి జీతం 9,000. ఆ లెక్కన పరిహారం 3,36,927కు దిగిపోతుంది. ఒక్క అంకె మారిస్తే 1,87,000 పైగా పోతుంది! సంతకాలన్నీ ఒకే సిరాతో, ఒకే రోజు పెట్టినట్టున్నాయి. తమ్ముడు మాత్రం "ఇది నా సంతకం కాదు సార్" అని గట్టిగానే చెప్పాడు. వాడి గొంతు అంత స్పష్టంగా విని చాలా రోజులైంది.

తర్వాత తెల్లకాగితం బయటికొచ్చింది. ఆసుపత్రిలో ఉన్నప్పుడు సేటు 50,000 ఇచ్చి, ఇక ఏ బాకీ లేదని వాడి ఎడమచేతి వేలిముద్ర తీసుకున్నాడు. ఇంతకాలం మాకు అదే టెన్షన్. ఈ కేసులు వినే కమిషనర్ దగ్గర నమోదు చేయని అలాంటి ఒప్పందంతో హక్కు పోదని లాయరు గారు ముందే ధైర్యం చెప్పారు. ప్రెస్ నడిపిన తమ్ముడిదే అజాగ్రత్త అని కూడా సేటు లాయరు వాదించాడు. అజాగ్రత్త వల్ల పరిహారం పోదు. తాగి ఉన్నాడనో, చెయ్యి లోపలికి పోకుండా ఆపే గార్డును కావాలని తీసేశాడనో సేటు రుజువు చేయాలి. గార్డు ఉంటే పీసులు తగ్గుతాయని దాన్ని మూల పడేయించింది సేటే. అదే మాట తోటి పనివాడు వచ్చి చెబుతానన్నాడు. అతని ఉద్యోగం పోతుందేమోనని నాకు భయంగా ఉంది.

బయటికొచ్చాక చాయ్ తాగుతూ తమ్ముడు అడిగాడు: "అక్కా, ఆఫీసులో కూర్చునేవాడికి మూడు వేళ్లు పోయినా 30 శాతమేనా?" అవునన్నాను. "బొటనవేలు, చిటికెన వేలుతో నేను రేకు ఎట్ల పట్టుకోవాలె మరి? అదెవరు లెక్కగడతరు?"

నా దగ్గర జవాబు లేదు. లాయరు గారే చెప్పారు. ఎడమచెయ్యి పోయిన ఒక వడ్రంగి కేసులో, ఒంటి చేత్తో వడ్రంగం కాదు కాబట్టి పూర్తి పరిహారం ఇవ్వాలని 1975లో సుప్రీంకోర్టు అన్నదట. పట్టికలో ఆ చేతికి అంత శాతం లేకపోయినా సరే. అందుకే వచ్చే వాయిదాకు డాక్టరును పిలిపిస్తారు, ఈ చేత్తో వాడు ప్రెస్ పని చేయగలడా అని అడగడానికి. ప్రమాదం జరిగిన నెలలోగా డబ్బు కట్టలేదు కాబట్టి 12 శాతం వడ్డీ కూడా అడుగుతున్నాం. నాకు మాత్రం ముందు ఆ 14,000 నిలబడాలి.

రాత్రి మరదలు బీరువా అడుగు నుంచి నిరుటి క్యాలెండరు తీసింది. పాల లెక్క, గ్యాస్ వచ్చిన తేదీ, అన్నీ గళ్లలో రాసే అలవాటు తనకు. ప్రతి నెలా మొదటివారంలో ఒక గడిలో పెన్సిల్‌తో "జీతం 14000". అక్టోబరులో పక్కనే "ఓటీ 600, పాపకు చెప్పులు". నవంబరు గడిలో రాసి ఉంది కానీ, డిసెంబరులో పాల లెక్క తప్ప ఏమీ లేదు.

రేపు బడికి వెళ్లేటప్పుడు పన్నెండు పేజీలూ జిరాక్స్ తీయించాలి. పెన్సిల్ గీత సరిగ్గా పడుతుందో లేదో, కాస్త ముదురుగా తీయమని చెప్పాలి.