ఫైలు ఉన్నది, వీడియో లేదు: బల్లార్షా ఎండల్లో ఆట రికార్డింగు

మా అక్క కొడుకు గత ఏప్రిల్‌లో ఒక ఆదివారం మూడు గంటలసేపు కారు పందాల ఆట ఆడి, ఆడినంతసేపూ తెలుగులో వ్యాఖ్యానం చెబుతూ, మొత్తం ఆటను ల్యాప్‌టాప్‌లో రికార్డు చేశాడు. చివరి పందెం ముగియబోతుండగా మహారాష్ట్రలోని బల్లార్షాలో మా వీధి మొత్తానికి కరెంటు పోయింది. ఆ ల్యాప్‌టాప్ బ్యాటరీ పాతబడి ఛార్జింగు నిలుపుకోలేని స్థితికి వచ్చినందువల్ల యంత్రం ఆ క్షణమే ఆరిపోయింది. కరెంటు వచ్చాక చూస్తే దాదాపు 13 జీబీల ఫైలు ఫోల్డరులో కనబడుతున్నది గానీ ఏ ప్లేయరూ దాన్ని తెరవడం లేదు. "మామా, ఫైలైతే ఉన్నది, వీడియోనే లేదు" అని వాడు నాకు ఫోన్ చేసినప్పుడు వాడి గొంతులో ఉన్న దిగులు నాకింకా గుర్తుంది.

వాడు మరాఠీ మాధ్యమంలో చదువుతున్నాడు. బడిలో మరాఠీ, ఆటస్థలంలో హిందీ, ఇంట్లో అన్నం తినేటప్పుడు నాలుగు తెలుగు మాటలు. ఆగకుండా గంటలతరబడి తెలుగులో మాట్లాడేది ఈ రికార్డింగుల్లోనే. అందుకే వాటిని నేను పిల్లవాడి కాలక్షేపంగా చూడలేదు. ఆ రోజు నుంచి రెండు నెలలపాటు సాయంత్రాలు వాడి పక్కన కూర్చుని ఒక్కొక్క లోపాన్ని వెతికి సరిచేశాను. నేను తెలుసుకున్నదంతా ఇక్కడ రాస్తున్నాను. వార్ధా నది దాటి రాజురాలోనో, ఇంకా అవతల తెలంగాణలోని ఆసిఫాబాద్‌లోనో ఇదే అవస్థ పడుతున్న పిల్లలు ఉంటారని నా నమ్మకం.

ముందుగా ఆ ఫైలు సంగతి. మేము వాడుతున్నది ఓబీఎస్ స్టూడియో అనే ఉచిత సాఫ్ట్‌వేర్. అందులో వాడు రికార్డింగు రూపాన్ని ఎమ్‌పీ4గా పెట్టుకున్నాడు, ఎందుకంటే ఫోనులో పంపితే అందరికీ తెరుచుకునేది అదే. అయితే మామూలు ఎమ్‌పీ4 ఫైలులో ఏ ఫ్రేము, అంటే వీడియోలోని ఏ ఒక్కొక్క బొమ్మ, ఎక్కడ ఉందో చెప్పే సూచిక రికార్డింగును ఆపినప్పుడు చివరలో రాయబడుతుంది. ఆపడానికి ముందే యంత్రం ఆరిపోతే బొమ్మలూ శబ్దమూ డిస్కులోనే ఉంటాయి గానీ వాటిని చదివే దారి మాత్రం ఉండదు. పుస్తకం పుటలన్నీ ఉండి, కుట్టు విడిపోయి, పుట సంఖ్యలు చెరిగిపోయినట్టు అన్నమాట. ఎమ్‌కేవీ రూపం అలాంటిది కాదు. అది సాగుతున్నకొద్దీ తనను తాను పూర్తి చేసుకుంటూ పోతుంది కనుక మధ్యలో తెగినా తెగినంతవరకు దక్కుతుంది. కాబట్టి ఎమ్‌కేవీలో రికార్డు చేసి, ఆ తరువాత ఓబీఎస్ ఫైల్ మెనూలో ఉన్న రీమక్స్ రికార్డింగ్స్‌తో ఎమ్‌పీ4గా మార్చుకోవాలి. ఈ మార్పిడిలో బొమ్మ మళ్లీ కుదించబడదు, నాణ్యత తగ్గదు, గంట వీడియోకైనా ఎక్కువ సమయం పట్టదు. 2024లో వచ్చిన 30.2 వెర్షన్ నుంచి హైబ్రిడ్ ఎమ్‌పీ4 అనే రూపం కూడా ఉంది. అది మధ్యలో తెగినా చదవడానికి వీలుగానే మిగులుతుంది.

పోయిన ఫైలు కోసం అన్‌ట్రంక్ అనే ఉచిత పనిముట్టును కూడా ప్రయత్నించాను. అదే సెట్టింగులతో తీసిన మంచి ఫైలు ఒకటి దానికి చూపిస్తే, ఆ నమూనాను బట్టి పాడైన ఫైలులోని సూచికను మళ్లీ కట్టడానికి చూస్తుంది. మాకు మొదటి నలభై నిమిషాలు దక్కాయి. మిగిలినది దక్కలేదు.

ఎమ్‌కేవీకి మారిన మరునాడే మరో చిక్కు ఎదురైంది. రికార్డింగులో శబ్దం మొత్తం ఉంది, బొమ్మ స్థానంలో నల్లని తెర మాత్రమే ఉంది. ల్యాప్‌టాప్‌లలో ఇది చాలామందికి ఎదురయ్యే సమస్య, దీని మూలం యంత్రం అమరికలోనే ఉంది. ఆటలు ఆడదగిన ల్యాప్‌టాప్‌లో సాధారణంగా రెండు గ్రాఫిక్స్ చిప్‌లు ఉంటాయి. ఒకటి ప్రాసెసరులో కలిసి ఉండే చిన్నది, తెరకు బొమ్మ పంపే బాధ్యత చాలా యంత్రాల్లో దానిదే. రెండవది ఆటను నడిపే పెద్దది. ఓబీఎస్ ఒక చిప్‌పై, ఆట మరొక చిప్‌పై నడిస్తే ఒకదాని బొమ్మ రెండవదానికి అందక నల్లగా కనబడుతుంది. ఆట బొమ్మను మాత్రమే పట్టే గేమ్ క్యాప్చర్ పద్ధతిలో తీసేవారు ఆట ఏ చిప్‌పై నడుస్తుందో ఓబీఎస్‌ను కూడా దానిపైనే నడపాలి. డిస్‌ప్లే క్యాప్చర్‌తో మొత్తం తెరను తీసేవారు తెర ఏ చిప్‌కు కలిసి ఉందో దానిపై నడపాలి, లేదా ఆ సోర్స్ లక్షణాల్లో క్యాప్చర్ పద్ధతిని విండోస్ 10 అని ఉన్నదానికి మార్చి చూడాలి. విండోస్ 11లో సెట్టింగ్స్, సిస్టమ్, డిస్‌ప్లే, గ్రాఫిక్స్ అనే దారిలో వెళ్లి ఓబీఎస్64 ప్రోగ్రామును చేర్చి, హై పెర్ఫార్మెన్స్ లేదా పవర్ సేవింగ్ అని ఎంచుకుంటే అది పెద్ద చిప్‌కు గాని చిన్న చిప్‌కు గాని మారుతుంది. మార్చిన తరువాత ఓబీఎస్‌ను మూసి మళ్లీ తెరవాలి. మేము ఈ ఒక్క విషయం మరిచిపోయి ఒక సాయంత్రమంతా పోగొట్టుకున్నాము. ఆటను అడ్మినిస్ట్రేటర్‌గా నడిపితే ఓబీఎస్‌ను కూడా అలాగే నడపాలి, లేకుంటే ఆట బొమ్మను అది పట్టుకోలేదు.

నల్ల తెర పోయాక అసలైన కష్టం మొదలైంది. రికార్డింగు మొదటి ఇరవై నిమిషాలు నున్నగా సాగి, ఆ తరువాత బొమ్మ ఆగి ఆగి కదిలేది. మొదటి నిమిషం నుంచే తడబడితే అది సెట్టింగుల భారం. కాసేపు బాగా నడిచి తరువాత తడబడితే ముందుగా వేడిని అనుమానించాలి. మా చంద్రపూర్ జిల్లాలో మే నెలలో ఎండ 45 డిగ్రీలు దాటడం మామూలే. గది గోడలు రాత్రి పదింటికి కూడా సెగలు చిమ్ముతాయి. వేడి ఒక హద్దు దాటినప్పుడు ప్రాసెసరు తనను కాపాడుకోవడానికి వేగాన్ని తానే తగ్గించుకుంటుంది. టాస్క్ మేనేజరులో పెర్ఫార్మెన్స్ పుట తెరిచి ఉంచి ఆడమన్నాను. ఇరవయ్యవ నిమిషం తరువాత గిగాహెర్ట్జ్ అంకె పడిపోవడం మా ఇద్దరికీ కళ్లెదుటే కనబడింది.

వాడు ల్యాప్‌టాప్‌ను మంచం మీద, బొంత మీద పెట్టుకుని ఆడుతున్నాడు. కింది నుంచి గాలి పీల్చుకునే యంత్రానికి అది ముక్కు మూసినట్టే. చెక్క పలక మీద పెట్టి, వెనుక వైపు రెండు మూలల కింద చిన్న దిమ్మలు ఉంచి, ఫ్యానుల్లో పేరుకున్న దుమ్మును దుకాణంలో దులిపించాము. వీటితోనే సగం తడబాటు పోయింది.

మిగిలిన సగానికి ఓబీఎస్‌లో స్టాట్స్ అనే కిటికీ దారి చూపింది. చాలామంది దాన్ని తెరవరు, నా దృష్టిలో మాత్రం మొట్టమొదట తెరవవలసింది అదే. అక్కడ పోయిన ఫ్రేముల లెక్క వేరువేరు వరుసల్లో ఉంటుంది. రెండరింగ్ ల్యాగ్ వల్ల పోతే, గ్రాఫిక్స్ చిప్‌ను ఆటే పూర్తిగా ఆక్రమించుకుని ఓబీఎస్ తన బొమ్మ కూర్చుకోవడానికి చోటు మిగల్చడం లేదని అర్థం. అప్పుడు ఆటలోనే సెకనుకు 60 ఫ్రేములు మించకుండా హద్దు పెట్టాలి, నీడల వంటి బరువైన వివరాలు తగ్గించాలి, ఓబీఎస్‌ను అడ్మినిస్ట్రేటర్‌గా నడపాలి. ఎన్‌కోడింగ్ ల్యాగ్ వల్ల పోతే బొమ్మను కుదించే పని సకాలంలో పూర్తి కావడం లేదని అర్థం. ఈ రెంటికీ మందులు వేరు. ఒకదానికి వేయవలసిన మందు రెండవదానికి వేసి విసిగిపోయేవారే ఎక్కువ.

కుదించడం ఎంత పెద్ద పనో ఒక లెక్క చెబుతుంది. 1920 చుక్కల వెడల్పు, 1080 చుక్కల ఎత్తు ఉన్న ఒక్క ఫ్రేములో 20 లక్షలకు పైగా చుక్కలు ఉంటాయి. చుక్కకు మూడు బైట్ల చొప్పున సెకనుకు 60 ఫ్రేములంటే 370 మెగాబైట్లు దాటుతుంది. దాన్ని సెకనుకు ఒకటి రెండు మెగాబైట్లకు కుదించాలి, అదీ ఆట నడుస్తుండగానే. మా వాడి ఓబీఎస్‌లో ఈ పని ఎక్స్264 అనే ఎన్‌కోడరుకు అప్పగించి ఉంది. అంటే అప్పటికే ఆటతోనూ వేడితోనూ సతమతమవుతున్న ప్రాసెసరే ఇదీ మోస్తున్నది. ఎన్‌విడియా చిప్‌లలో ఎన్‌వీఈఎన్‌సీ (NVENC), ఇంటెల్ చిప్‌లలో క్విక్ సింక్ అనే పేర్లతో ఈ పని కోసమే ప్రత్యేకమైన భాగం ఉంటుంది, ఏఎమ్‌డీకి కూడా అలాంటిది ఉంది. ఎన్‌కోడరును ఎన్‌వీఈఎన్‌సీకి మార్చిన రోజు ఎన్‌కోడింగ్ ల్యాగ్ వరుసలో సున్నా కనబడింది.

ఇంతవరకు వచ్చాక మాకు అంతుబట్టనిది ఒకటి మిగిలింది. ల్యాప్‌టాప్ డిస్కు నిండిపోవడంతో వాడు రికార్డింగులను నేరుగా పెన్ డ్రైవ్‌లోకి పంపడం మొదలుపెట్టాడు. పెన్ డ్రైవ్‌లో చోటు చాలా ఉంది. అయినా ప్రతిసారీ 56వ నిమిషంలో రికార్డింగు ఆగిపోయేది. వేడి అయితే ఒకరోజు ముందు, ఒకరోజు వెనుక కావాలి. ఇది గడియారం పెట్టినట్టు ఒకే చోట ఆగుతున్నది. ఆ కచ్చితత్వమే చివరికి జవాబు చెప్పింది. ఆ పెన్ డ్రైవ్ ఫ్యాట్32 పద్ధతిలో ఫార్మాట్ అయి ఉంది. ఆ పద్ధతిలో ఒక్క ఫైలు 4 జీబీకి చేరకూడదు. కిలోబైటుకు 1,024 బైట్ల లెక్కన చూస్తే అది సుమారు 429 కోట్ల బైట్లు. మా బొమ్మ బిట్‌రేటు సెకనుకు 10 మెగాబిట్ల దగ్గర స్థిరంగా పెట్టి ఉంది, అంటే సెకనుకు 12.5 లక్షల బైట్లు. శబ్దానికి పోయే మరో 20 వేలు కలిపి భాగిస్తే 56 నిమిషాల చిల్లర వస్తుంది. కాగితం మీద ఆ అంకె తేలినప్పుడు మా మేనల్లుడు లేచి చప్పట్లు కొట్టాడు. పెన్ డ్రైవ్‌లోని ఫైళ్లన్నీ వేరే చోటికి తీసి ఉంచుకుని, దాన్ని ఎక్స్‌ఫ్యాట్‌కు మార్చాము. ఫార్మాట్ చేస్తే ఉన్నవన్నీ చెరిగిపోతాయి కనుక తీసి ఉంచుకోవడం తప్పనిసరి.

స్థిరమైన బిట్‌రేటు ప్రత్యక్ష ప్రసారానికి తగినది. డిస్కులో దాచుకునే రికార్డింగుకు సీక్యూపీ పద్ధతి మేలు. అందులో బిట్‌రేటు బదులు నాణ్యతను నిర్ణయిస్తాము, అంకె తగ్గినకొద్దీ నాణ్యతా ఫైలు బరువూ పెరుగుతాయి. మేము 21 దగ్గర నిలిచాము.

శబ్దం గురించి ఒక్క మాట చెప్పాలి, ఎందుకంటే మాకు కావలసింది వాడి గొంతే. విదర్భలో ఎండాకాలం కూలరు లేకుండా గడవదు, ఆ కూలరు హోరు వాడి మాటలను మింగేసేది. ఓబీఎస్‌లో మైకుకు నాయిస్ సప్రెషన్ అనే ఫిల్టరు పెట్టుకోవచ్చు. దానిలో ఆర్‌ఎన్‌నాయిస్ పద్ధతి ఇలాంటి ఆగని హోరును బాగా అణుస్తుంది. అయినా హోరు మరీ ఎక్కువైతే మాటల చివరి అక్షరాలను కూడా తినేస్తుంది. అందువల్ల కూలరును గది అవతలి కిటికీకి మార్చి, చొక్కాకు తగిలించే చిన్న మైకు కొన్నాము. ఆట శబ్దాన్నీ గొంతునూ వేర్వేరు ట్రాకుల్లోకి పంపితే తరువాత ఒకదాన్ని తగ్గించి మరొకదాన్ని పెంచుకోవచ్చు. విండోస్‌లోనూ ఓబీఎస్‌లోనూ శబ్దం నమూనా రేటును 48 కిలోహెర్ట్జ్‌కే పెట్టాలి. స్పీకర్లు ఆపి హెడ్‌ఫోన్ పెట్టుకుంటే ఆట శబ్దం మైకులోకి రెండోసారి చేరదు.

ఏది మార్చినా ఒకసారికి ఒక్కటే మార్చి, రెండు నిమిషాల రికార్డింగు తీసి, చివరిదాకా విని చూసేవాళ్లము. ఫలితాన్ని వాడు నోటుపుస్తకంలో రాసేవాడు, మొదట మరాఠీలో, తరువాత నేను అడిగితే తెలుగులో.

పోయిన ఆటను వాడు జూన్ మొదటి వారంలో మళ్లీ మొదటి నుంచి ఆడాడు. రెండవ గంటలో గాలివాన వచ్చి కరెంటు పోయింది, ల్యాప్‌టాప్ ఎప్పటిలాగే ఆరిపోయింది. గంటన్నర తరువాత కరెంటు వచ్చాక ఫైలు తెరిచాము. "ఈ మలుపు దాటితే ముందున్న బండిని" అన్న మాట దగ్గర అది తెగింది. అంతవరకు ప్రతి ఫ్రేమూ, ప్రతి మాటా ఉన్నాయి.