రాయిని చూసి విమానమనుకున్నా

నిన్న రాత్రి అన్నం తిని ఫోన్ పట్టుకున్నవాణ్ణి, రెండింటికి గానీ వదల్లేదు. మళ్లీ అమేలియా ఇయర్‌హార్ట్ గొడవే, విమానంలో ప్రపంచాన్ని చుట్టి వస్తానని బయల్దేరి 1937లో మాయమైపోయిన అమెరికన్ పైలట్. 2024 జనవరిలో పసిఫిక్ అడుగున ఆమె విమానంలా ఏదో ఉందని సోనార్ బొమ్మ (నీళ్లలోకి శబ్దం పంపి తీసేది) వచ్చినప్పుడు, ఫ్యామిలీ గ్రూపులో "దొరికేసింది!" అని పెట్టింది నేనే. నవంబరుకల్లా అది రాయని తేలింది. మా బావ ఇప్పటికీ ఏడిపిస్తాడు.

1937 జులై 2. న్యూగినీలోని లే అనే ఊరి నుంచి 4,000 కిలోమీటర్ల పైన ఎగిరి పసిఫిక్ మధ్యలోని హౌలాండ్ దీవిలో దిగాలి. మ్యాపులో ఎంత జూమ్ చేసినా అది గోరుముక్కంతే! అక్కడ కాచుకుని ఉన్న ఇటాస్కా ఓడకి ఆమె గొంతు గట్టిగానే వినిపిస్తోంది. వీళ్ల మాటలే ఆమెకు అందడం లేదు. మీ దగ్గరికే వచ్చి ఉండాలి, కానీ కనబడటం లేదు, పెట్రోలు తగ్గిపోతోంది అంది. గంట తర్వాత చివరి కబురు, అంతే.

పసిఫిక్‌లోనే ఇంకో దీవి నికుమరోరోలో 1940లో ఎముకలు దొరికితే, ఆమెవేమోనని ఫిజీలో ఒక డాక్టరు కొలిచాడట. కొలతలు మిగిలాయి, ఎముకలు పోయాయి. అది చదివి తిక్క రేగింది. నన్నడిగితే పెట్రోలు అయిపోయి హౌలాండ్ దగ్గర్లోనే సముద్రంలో పడి ఉంటారు, ఆమె, నావిగేటర్ నూనన్.

పొద్దున్నే బావ ఫోన్. "ఏరా, దొరికిందా?"