మా రాజుగాడి ముక్కు
నిన్న ఊరి నుంచి వచ్చా, గేటు తీయగానే మా కుక్క రాజుగాడు ఎప్పట్లా ఎగిరి మీద పడలేదు, నేరుగా ప్యాంటు అంచుల దగ్గర ముక్కు పెట్టి ఐదు నిమిషాలు అలా పీలుస్తూనే ఉన్నాడు, అమ్మమ్మ వాళ్ళ గేదె దూడని నిమిరా కదా, చేతులు రెండుసార్లు సబ్బుతో కడిగినా వాడికి దొరికిపోయింది. మనకి ముక్కులో వాసన పట్టే కణాలు 50, 60 లక్షలుంటే వాడికి 20 కోట్ల పైనే. ముక్కు పక్కన చిన్న చీలికలు ఉంటాయి చూడండి, వదిలే గాలి అట్నుంచి పోతుంది, లోపలికొచ్చే కొత్త వాసన చెదిరిపోకుండా. నోటి పైభాగంలో జాకబ్సన్ అవయవం అని ఇంకోటి ఉంది, ఎదురుగా ఉన్న కుక్క ఆడా మగా, ఎదకొచ్చిందా అనేవి పసిగట్టడానికి అది పనికొస్తుంది. కుక్కలు ఒకదాని వెనక భాగాన్ని ఇంకొకటి వాసన చూసుకునేది కూడా అక్కడ గ్రంథులుంటాయనే, ఛీ అని తరమకండి ప్లీజ్, వాటికి అదే పలకరింపు.

ఇన్నాళ్ళూ వాకింగ్‌లో కరెంటు స్తంభం దగ్గర ఆగితే ఆఫీసుకి లేటవుతుందని గొలుసు లాగేసేవాణ్ణి, పాపం వాడు రాత్రి ఆ వీధిలో ఎవరెవరు తిరిగారో తెలుసుకుంటున్నాడు. ఇవాళ పొద్దున లాగలేదు. ఒక్క స్తంభం దగ్గరే ఎంతసేపు నిలబడ్డామో, చివరికి తోక ఊపుకుంటూ వాడే కదిలాడు.