పళ్ళ సెట్టు విరిగిన ఆదివారం

పొద్దున్నే అమ్మ కట్టుడు పళ్ళ సెట్టు విరిగింది. రాత్రి స్టీలు గ్లాసులో నీళ్ళు పోసి అందులో వేసుకుంటుంది కదా, కడుగుతుంటే చేయి జారి సింకులో పడి రెండు ముక్కలైంది. డెంటిస్టు సోమవారం గానీ రాడు. ఇక రోజంతా నోటికి కొంగు అడ్డం పెట్టుకునే తిరిగింది. ఇంట్లో ఉన్నది నేనొక్కదాన్నే. "నా దగ్గర సిగ్గేంటమ్మా" అంటే, "నీకేం తెలుసే" అంది.

మధ్యాహ్నం ఆవిడకి పప్పన్నం మెత్తగా పిసికి పెట్టి, ఎన్నాళ్ళ నుంచో వాయిదా వేస్తున్న 'ది బ్యాలడ్ ఆఫ్ నరయామా' పెట్టాను. 1958లో జపాన్ దర్శకుడు కినోషితా తీసిన సినిమా. కరువు ఊరు. డెబ్బయ్యో ఏట ముసలివాళ్ళని కొండ మీద వదిలేసి రావడం అక్కడి ఆచారం. ఒరిన్ అనే ముసలమ్మకి ఆ వయసులోనూ పళ్ళన్నీ గట్టిగా ఉన్నాయని జనం ఎగతాళి. ఆవిడ వెళ్ళి రాతికేసి కొట్టుకుని ముందు పళ్ళు ఊడగొట్టుకుంటుంది.

ఒరిన్‌గా వేసిన కినుయో తనాకాకి అప్పటికి 48 ఏళ్ళే. ఈ వేషం కోసం నిజంగానే కొన్ని పళ్ళు పీకించుకుందని చెబుతారు. 1924లో, పద్నాలుగేళ్ళకే మూకీల్లోకి వచ్చి పెద్ద స్టార్ అయిన మనిషి! ఓసారి అమెరికా వెళ్ళి 1950లో నల్ల కళ్ళద్దాలతో తిరిగొచ్చి దిగి, జనానికి గాల్లో ముద్దులు విసిరితే, జపాన్ పత్రికలు ఉతికి ఆరేశాయి. 1952లో దర్శకుడు మిజోగుచి తీసిన 'ఓహరు' సినిమా చేసింది. 1953లో తనే డైరెక్టరవుతానంటే అదే మిజోగుచి వద్దన్నాడు. తన సినిమాల్లో అంత గొప్పగా చూపించిన మనిషిని కెమెరా వెనక చూడలేకపోయాడు కాబోలు. ఆవిడ ఆగలేదు, ఆరు సినిమాలు తీసింది. 1975లో బెర్లిన్ ఫిల్మ్ ఫెస్టివల్‌లో ఉత్తమ నటి బహుమతి వచ్చింది కూడా ముసలి వేషానికే, 'సాందకాన్ 8' సినిమాకి.

పళ్ళ సీను దగ్గర వెనక్కి తిరిగితే అమ్మ గుమ్మంలో నిలబడి చూస్తోంది. కొంగు భుజం మీదకి ఎప్పుడు పోయిందో. "పిచ్చిది కాకపోతే, ఉన్న పళ్ళెవరైనా ఊడగొట్టుకుంటారా!" అంది. నిజం పళ్ళ సంగతి చెప్తే కాసేపు మాట్లాడలేదు.

"తర్వాత కట్టించుకుందా మరి?"

"ముందు నీ సంగతి చూద్దాం. రేపు పదింటికల్లా రెడీగా ఉండు" అన్నాను.