ఏడో అక్షరం ‘ఎస్’

హైదరాబాద్‌లో మెడికల్ కోడింగ్ (రోగుల రికార్డులు చదివి జబ్బులకూ, చికిత్సలకూ నిర్ణీత కోడ్‌లు వేయడం) చేసే మనలో చాలామందిమి రోజంతా చూసేది అమెరికా ఆసుపత్రుల చార్టులనే. 2001 సెప్టెంబర్ 11న న్యూయార్క్‌లో వరల్డ్ ట్రేడ్ సెంటర్ కూలినప్పుడు అక్కడికి పరుగెత్తిన ఫైర్‌ఫైటర్ల, పోలీసుల జబ్బులు ఇన్నేళ్ళ తరువాత కూడా అలాంటి చార్టుల్లో కనిపిస్తాయి. ఆ రోజు న్యూయార్క్ అగ్నిమాపక విభాగానికి చెందిన 343 మంది చనిపోయారు. బతికి బయటపడినవారిలో ఎందరో నలిగిన సిమెంటు, గాజు పీచు, ఆస్‌బెస్టాస్ కలిసిన దుమ్మును పీల్చి ఆస్తమాతోనూ, సైనసైటిస్‌తోనూ, క్యాన్సర్‌తోనూ బాధపడ్డారు.

అమెరికాలో జబ్బులకూ, గాయాలకూ వాడే కోడ్‌ల పట్టిక ఐసీడీ-10-సీఎంలో, గాయానికి బయటి కారణం చెప్పే కోడ్‌ల కింద, ఉగ్రవాద దాడులకు వై38 అనే కేటగిరీ ఉంది. వైద్యుడు ఆ మాట రాశాడు కదా అని దీన్ని వేయడానికి వీల్లేదు. ఘటనను ఎఫ్‌బీఐ ఉగ్రవాదంగా గుర్తించి ఉండాలి. అనుమానం మాత్రమే ఉంటే అసాల్ట్ (ఇతరులు చేసిన దాడి) కోడ్ వేయాలి. కోడ్‌లో ఆరో స్థానం గాయపడింది ఎవరో చెబుతుంది: 1 అయితే ప్రజాభద్రతా ఉద్యోగి, 2 అయితే సాధారణ పౌరుడు, 3 అయితే ఉగ్రవాది. శిథిలాలు ఎత్తిన కూలీలకూ, వాలంటీర్లకూ ప్రత్యేకమైన అంకె లేకపోవడం నాకు అన్యాయంగానే తోస్తుంది. ఏడో స్థానంలో ‘ఎస్’ ఉంటే, పాత గాయం మిగిల్చిన ఫలితానికి (సీక్వెలాకు) ఇప్పుడు చికిత్స జరుగుతున్నదని అర్థం. దీనికి కాలపరిమితి లేదు. ఇరవై ఏళ్ళ తరువాతైనా వేయవచ్చు.

ఉదాహరణకు, విమానం ఢీకొన్న భవనంలో కుడి మోకాలి కింద థర్డ్ డిగ్రీలో (లోతుగా) కాలిన ఫైర్‌ఫైటర్ ఆ మచ్చ బిగుసుకుపోయి ఇప్పుడు వచ్చాడనుకుందాం. మొదట మచ్చకు ఎల్90.5, తరువాత పాత కాలిన గాయానికి టీ24.331ఎస్, చివర వై38.1ఎక్స్1ఎస్ వేస్తాము. వై కోడ్ ఎప్పుడూ మొదటి స్థానంలోకి రాదు. ఉద్యోగంలో ఉండగా తగిలిన గాయం కదా అని వై99 (ఘటన సమయంలో మనిషి ఉద్యోగంలో ఉన్నాడా లేదా అని చెప్పే కోడ్) చేర్చకూడదు, ఎందుకంటే సీక్వెలాకు ఆ కోడ్ వర్తించదు.

చిక్కంతా ఊపిరితిత్తుల దగ్గరే వస్తుంది. దాడి జరిగిన తరువాత తలెత్తిన పరిస్థితులకు వై38.9 ఉంది కాని, తొలి దాడి వల్లనే కలిగిన వాటికి దాన్ని వాడకూడదని నియమం. శిథిలాల మీద నెలల తరబడి పనిచేసిన మనిషికి వచ్చిన ఆస్తమా ఏ కోవకు చెందుతుందో కోడర్ ఊహించి తేల్చేది కాదు. ఏ రోజు దుమ్ముకు గురయ్యాడు, జబ్బుకూ దానికీ సంబంధం ఉందా అన్నది వైద్యుడే రాయాలి. రాయకపోతే క్వెరీ (వివరణ కోరుతూ వైద్యుడికి రాసే ప్రశ్న) పంపాలి.

బయటి కారణాల కోడ్‌లు దేశవ్యాప్తంగా తప్పనిసరి కాకపోవడంతో, రోజుకు ఇన్ని చార్టులు పూర్తిచేయాలన్న టార్గెట్ ఒత్తిడిలో చాలాచోట్ల వీటిని వదిలేస్తున్నారు. 2011లో అమల్లోకి వచ్చిన జడ్రోగా చట్టం కింద ఈ బాధితులకు ప్రత్యేక ఆరోగ్య కార్యక్రమం నడుస్తున్నది, 2015లో దాన్ని 2090 వరకు పొడిగించారు. అయితే ఆ కార్యక్రమం బయట, మామూలు ఆసుపత్రిలో చూపించుకున్నప్పుడు ఆ మనిషి ఆస్తమా కారణం లేని ఆస్తమాగానే లెక్కల్లోకి పోతుంది. అందుకే కొత్తగా చేరినవారికి నేను చెప్పేది ఇదే: సోషల్ హిస్టరీలో (చార్టులో రోగి ఉద్యోగం, అలవాట్లు రాసే భాగంలో) ‘9/11 రెస్పాండర్’ అన్న ఒక్క ముక్క కనిపించినా ఫైల్‌ను అక్కడే ఆపి, వైద్యుడికి క్వెరీ రాయండి.