అమ్మ రిపోర్టులో ఐఎన్ఆర్ ఏదో తెలుసుకోవడానికి నాకు ఆరు నెలలు పట్టింది (నా అనుభవం)

మా అమ్మకి సంక్రాంతి వెళ్ళిన రెండో వారంలో విశాఖపట్నంలో గుండె ఆపరేషన్ అయింది. చిన్నప్పుడు వచ్చిన రుమాటిక్ జ్వరం వల్ల గుండెలో మైట్రల్ వాల్వ్ (రక్తం వెనక్కి పోకుండా ఆపే తలుపు లాంటిది) ఎప్పుడో పాడైపోయిందట. అది తీసేసి మెకానికల్ వాల్వ్, అంటే కృత్రిమంగా తయారు చేసినది, పెట్టారు. రాత్రి ఇల్లంతా సద్దుమణిగాక పక్కన పడుకుంటే ఆ వాల్వ్ టిక్ టిక్ మని చిన్నగా వినిపిస్తుంది, మొదట్లో నాకు నిద్ర పట్టేది కాదు, ఇప్పుడు ఆ చప్పుడు వినిపిస్తేనే ధైర్యం.

డిశ్చార్జ్ కాగితంలో రెండు ముక్కలు రాశారు. ఒకటి, రోజూ సాయంత్రం 6 గంటలకు ఎసిట్రోమ్ మాత్ర, రక్తం త్వరగా గడ్డకట్టకుండా చేసేది. రెండోది, టార్గెట్ ఐఎన్ఆర్ 2.5 నుంచి 3.5. ఆ మాత్ర ఎంత పనిచేస్తోందో చెప్పే రక్తపరీక్ష అంకె అది, నాకప్పుడు తెలీదు. వార్డులో సిస్టరమ్మ "మొదట వారం వారం, తర్వాత నెలనెలా ఐఎన్ఆర్ చేయించండమ్మా, మర్చిపోవద్దు" అంది. ఐఎన్ఆర్ అంటే ఏమిటని నేను అడగలేదు. పదకొండు రోజులు ఆసుపత్రిలో ఉన్నాక ఎప్పుడు ఇంటికి వెళ్తామా అనే ధ్యాస తప్ప ఇంకేమీ ఉండదు, అదీ కారణం. అప్పుడు అడిగి ఉంటే తర్వాత పడిన టెన్షన్‌లో సగం ఉండేది కాదు, అందుకే ఇదంతా రాస్తున్నాను.

మా ఊరు నరసన్నపేట దగ్గర. నేను ఉండేది శ్రీకాకుళంలో. వారం తిరగ్గానే అమ్మని ఆటోలో తీసుకొచ్చి ఒక ల్యాబ్‌లో కూర్చోబెట్టి, "రక్తం గడ్డకట్టే టెస్ట్ చేయండి" అన్నాను. నా మాట అంతే. వాళ్ళు వేలికి సూది గుచ్చి, బీటీ సీటీ చేసి ఇచ్చారు. అంటే బ్లీడింగ్ టైమ్, క్లాటింగ్ టైమ్. రెండూ నార్మల్ అని రాసి ఉంది. హమ్మయ్య అనుకుని రిపోర్టు ఫొటో తీసి విశాఖ డాక్టరు గారికి వాట్సాప్‌లో పెట్టాను. పది నిమిషాల్లో ఫోన్ చేశారు. "ఇది కాదమ్మా, పీటీ ఐఎన్ఆర్ కావాలి. బీటీ సీటీ ఈ మాత్ర సంగతి చెప్పదు" అన్నారు. ఆ రోజే మళ్ళీ వేరే ల్యాబ్‌కి. అప్పటి నుంచి ల్యాబ్‌లో అడుగు పెట్టగానే "పీటీ ఐఎన్ఆర్" అని రెండు మాటలూ కలిపి చెప్తాను, బిల్లు మీద ఆ పేరే పడిందో లేదో చూసుకుంటాను. మేము వెళ్ళే ల్యాబ్‌లో ఈ పరీక్షకి నీలం మూత ఉన్న చిన్న ట్యూబులో, గీత వరకు నిండేలా చేతి నరం నుంచి రక్తం తీస్తారు. ఆ ట్యూబులో రక్తం గడ్డకట్టకుండా సిట్రేట్ ద్రవం ముందే ఉంటుంది, తొమ్మిది వంతుల రక్తానికి ఒక వంతు లెక్క. నరం దొరకలేదని సగం ట్యూబుతో సరిపెడితే సిట్రేట్ పాలు ఎక్కువైపోయి ఐఎన్ఆర్ ఉన్నదానికంటే ఎక్కువ చూపిస్తుంది.

రెండో పరీక్షలో ఐఎన్ఆర్ 2.8 వచ్చింది. సరిగ్గా ఉండాల్సిన చోటే ఉంది. కానీ రిపోర్టులో పక్కన నార్మల్ రేంజ్ 0.8 నుంచి 1.2 అని ముద్రించి, 2.8 ని ముద్దక్షరాల్లో వేసి, పక్కన ఎక్కువ అని గుర్తు పెట్టారు. మా చిన్నాన్న ఆ కాగితం చూసి, "ఉండాల్సిన దానికి రెండింతలు దాటిపోయింది కదమ్మా, రక్తం నీళ్ళైపోతుంది, ఆ మాత్ర ఆపండి" అన్నాడు. ఆయన మంచికే అన్నాడు. మేమూ భయపడ్డాం. ఆ సాయంత్రం మాత్ర వేయలేదు. పొద్దున్న డాక్టరు గారికి చెప్తే ఆయన గొంతు మారిపోయింది. ఆ నార్మల్ రేంజ్ ఈ మాత్ర వేసుకోని వాళ్ళది. మెకానికల్ వాల్వ్ ఉన్న మనిషికి నార్మల్ ఉంటే అదే ప్రమాదం, వాల్వ్ మీద గడ్డ కడుతుంది, ఆ ముక్క మెదడుకి వెళ్తే పక్షవాతం. మీ అమ్మకి నార్మల్ అంటే 2.5 నుంచి 3.5, కాగితం మీద ఏది ఉన్నా మీరు చూడాల్సింది అదే అన్నారు. ఒక మాత్ర మర్చిపోతే మర్నాడు రెండు వేయకూడదని కూడా అప్పుడే చెప్పారు, నేను అదే చేయబోతున్నాను మరి.

అసలు ఈ ఐఎన్ఆర్ ఏమిటో అప్పుడు కూర్చుని చదివాను. ఇంటర్నేషనల్ నార్మలైజ్డ్ రేషియో. పేరులో ఉన్నట్టే ఇది ఒక నిష్పత్తి. రక్తం ఎంత చిక్కగా ఉంది, ఎంత పలచగా ఉంది అనే కొలత కాదు. మనం "రక్తం పలచబడే మాత్ర" అంటాం గానీ ఆ మాత్రతో రక్తం పలచబడదు, గడ్డకట్టడానికి తీసుకునే టైము పెరుగుతుంది, అంతే. తీసిన రక్తంలోంచి ప్లాస్మా వేరు చేసి, దానిలో థ్రాంబోప్లాస్టిన్ అనే పదార్థం, కాల్షియం కలిపి, ఎన్ని సెకన్లలో గడ్డ కడుతుందో చూస్తారు. ఆ సెకన్లే పీటీ, ప్రోత్రాంబిన్ టైమ్. మాత్ర వేసుకోని మనిషికి సుమారు 11 నుంచి 13 సెకన్లు.

చిక్కు ఎక్కడంటే, ఆ థ్రాంబోప్లాస్టిన్ అన్ని కంపెనీలదీ ఒకేలా ఉండదు. ఒకటి చురుగ్గా పట్టేస్తుంది, ఒకటి మందంగా ఉంటుంది. ఒకే మనిషి రక్తం ఒక ల్యాబ్‌లో 30 సెకన్లు, ఇంకో ల్యాబ్‌లో 34 సెకన్లు చూపించొచ్చు. అలాంటప్పుడు శ్రీకాకుళం రిపోర్టు చూసి విశాఖలో డాక్టరు మాత్ర ఎలా మారుస్తాడు? అందుకే 1983లో ప్రపంచ ఆరోగ్య సంస్థ ఈ ఐఎన్ఆర్ పద్ధతి తెచ్చింది. ప్రతి థ్రాంబోప్లాస్టిన్‌కీ ఐఎస్ఐ అని ఒక అంకె ఇస్తారు, అది ఎంత సున్నితమైనదో చెప్పే అంకె. పేషెంట్ సెకన్లని మామూలు మనిషి సెకన్లతో భాగించి, వచ్చినదాన్ని ఆ ఐఎస్ఐ ఘాతానికి హెచ్చిస్తే ఐఎన్ఆర్. పదో తరగతి ఘాతాంకాల లెక్కే.

ఈ లెక్క తెలియకపోవడం వల్లే మూడో తప్పు జరగబోయింది. ఏప్రిల్‌లో అనుకుంటా, ఒక రిపోర్టులో వరసగా టెస్ట్ (అంటే అమ్మ సెకన్లు) 29.9, కంట్రోల్ (మామూలు మనిషి సెకన్లు) 13.0, రేషియో 2.3 అని ఉంది. ఐఎన్ఆర్ లో చివరి అక్షరం రేషియోనే కదా, అదే ఐఎన్ఆర్ అనుకున్నాను. 2.3 అంటే 2.5 కంటే తక్కువ. డాక్టరు గారు ఊళ్ళో లేరు, ఫోన్ కలవలేదు. ఇంతకుముందు తగ్గినప్పుడు ఆయన అర మాత్ర పెంచారు కాబట్టి నేనూ అర మాత్ర పెంచుదామని విరిచి చేతిలో పట్టుకున్నాను. అమ్మ గ్లాసుతో నీళ్ళు కూడా తెచ్చుకుంది. ఎందుకో మళ్ళీ కాగితం చూస్తే, కింద మడతలో ఇంకో రెండు వరసలు, ఐఎస్ఐ 1.2, ఐఎన్ఆర్ 2.7. ఫోన్‌లో క్యాల్కులేటర్ తీసి 2.3 కి 1.2 ఘాతం వేశాను, 2.7 వచ్చింది. రేంజ్‌లోనే ఉంది. ఆ విరిచిన అర మాత్ర పక్కన పెట్టేశాను. రేషియో, ఇండెక్స్, ఐఎన్ఆర్ అని మూడు అంకెలు ఒకదాని కింద ఒకటి వేసే రిపోర్టులు ఇప్పటికీ చూస్తుంటాను, అలాంటప్పుడు ఐఎన్ఆర్ అన్న మాట ఎదురుగా ఉన్న అంకెకి పెన్నుతో సున్నా చుట్టి అమ్మకి ఇస్తాను. డోసు నా అంతట నేను మార్చడం ఆ రోజుతో మానేశాను.

నమ్మకం కుదరక మర్నాడు పొద్దున్నే ఏడు రోడ్ల జంక్షన్‌లో దిగి ఇంకో ల్యాబ్‌లో చేయించాను. అక్కడ టెస్ట్ 33.6 సెకన్లు, కంట్రోల్ 12.0, ఐఎస్ఐ 1.0, ఐఎన్ఆర్ 2.8. సెకన్లు చూస్తే దాదాపు నాలుగు తేడా. ఐఎన్ఆర్ చూస్తే 2.7, 2.8. రెండు కాగితాలూ బల్ల మీద పక్కపక్కన పెట్టుకుని చాలాసేపు చూశాను, ఆ పదం దేనికి పుట్టిందో అప్పుడు నాకు పూర్తిగా అర్థమైంది. అయినా వీలైనంత వరకు ఒకే ల్యాబ్‌లో చేయించడం మంచిదని డాక్టరు గారు అన్నారు, అలాగే చేస్తున్నాం.

తిండి సంగతి ఇంకో పెద్ద కథ. ఆకుకూరలు తగ్గించమని ఎవరో చెప్తే అమ్మ పూర్తిగా మానేసింది. తోటకూర పప్పు లేకుండా ముద్ద దిగని మనిషి, పెరట్లో గోంగూర కోసి పక్కింటి వాళ్ళకి ఇచ్చేసేది. అలా రెండు నెలలు పథ్యం చేస్తే, ఆ పథ్యానికి సరిపడా డోసు కుదిరింది. తర్వాత ఆషాఢం వచ్చింది. ఆషాఢంలో మునగాకు తినాలి కదా, మా పిన్ని వచ్చి వారం రోజులు వరసగా మునగాకు వేపుడు, మునగాకు పప్పు చేసి పెట్టింది. ఆ నెల ఐఎన్ఆర్ 1.6. డాక్టరు గారు వెంటనే డోసు పెంచి, నాలుగు రోజుల్లో మళ్ళీ చేయించమన్నారు. ఆ నాలుగు రోజులూ అమ్మ మాట కొంచెం తడబడినా, చెయ్యి తిమ్మిరి అన్నా నాకు ప్రాణం పోయినట్టు ఉండేది.

ఆకుకూరల్లో విటమిన్ కె ఉంటుంది. రక్తం గడ్డకట్టించే ప్రొటీన్లని ఫ్యాక్టర్లు అంటారు. లివర్‌లో తయారయ్యే వాటిలో నాలుగు రకాలు (2, 7, 9, 10 నంబర్లవి) ఈ విటమిన్ కె లేకపోతే పనికి రావు. మాత్ర దాన్నే అడ్డుకుంటుంది. కాబట్టి ఆకుకూర ఒక్కసారిగా పెరిగితే ఐఎన్ఆర్ పడిపోతుంది, ఒక్కసారిగా మానేస్తే పెరుగుతుంది. మానేయమని కాదు, ప్రతి వారం ఒకే మోతాదులో తినమని అర్థం. ఇప్పుడు అమ్మకి మంగళవారం, శుక్రవారం తోటకూర పప్పు. డోసు దానికి తగ్గట్టు సర్దారు. ఆ కె అన్న అక్షరం కోయాగ్యులేషన్ అనే మాటకి డానిష్, జర్మన్ భాషల్లో వాడే స్పెల్లింగ్ లోంచి వచ్చింది, డెన్మార్క్‌కి చెందిన హెన్రిక్ డామ్ దాన్ని కనిపెట్టాడు, 1943 నోబెల్ ఆయనకీ ఎడ్వర్డ్ డోయిజీకీ కలిపి ఇచ్చారు.

ఈ మందుల కథ అమ్మకి చెప్పినప్పుడు ఆమె బాగా విన్నది, ఎందుకంటే అది పశువుల కథ. 1920లలో కెనడాలో, అమెరికా ఉత్తర ప్రాంతాల్లో పశువులు చిన్న గాయానికే రక్తం ఆగక చచ్చిపోయేవి. స్వీట్ క్లోవర్ అనే మేత తడిసి బూజు పట్టినప్పుడు అది తిన్నవాటికే అలా అయ్యేది. 1933లో విస్కాన్సిన్‌లో ఒక రైతు మంచు తుఫానులో చచ్చిన ఆవునీ, గడ్డకట్టని రక్తం నింపిన పాలక్యానునీ బండిలో వేసుకుని యూనివర్సిటీకి వెళ్ళాడు. అక్కడ కార్ల్ లింక్ అనే శాస్త్రవేత్త, ఆయన దగ్గర పనిచేసేవాళ్ళు కొన్నేళ్ళు కష్టపడి ఆ గడ్డిలోని పదార్థాన్ని వేరు చేశారు. దాని వరసలోనే వార్ఫరిన్ వచ్చింది, మొదట 1948లో ఎలకల మందుగా, 1954 నుంచి మనుషులకి మందుగా. అమ్మ వేసుకునే ఎసిట్రోమ్ కూడా ఆ కుటుంబంలోదే. "బూజు పట్టిన గడ్డి ఆవుకి వెయ్యకూడదని మీ తాత ఎప్పుడూ అనేవాడు" అంది అమ్మ. కాసేపాగి, "ఎలకల మందేటమ్మా నాకిస్తన్నారు?" అంది. మోతాదు తప్పితే ఏదైనా విషమే కదమ్మా, అందుకే కదా నెలనెలా సూది గుచ్చించుకుంటున్నావు అన్నాను. ఆ తర్వాత పరీక్షకి రానని ఒక్కసారి కూడా అనలేదు.

అన్నిటికంటే భయపడింది సెప్టెంబర్‌లో. వానలకి నీళ్ళు పడక అమ్మకి విరేచనాలు పట్టుకున్నాయి. నాకు చెప్పకుండా మెడికల్ షాపులో అడిగి మెట్రోనిడజోల్ మాత్రలు తెప్పించుకుని నాలుగు రోజులు వేసుకుంది. ఎసిట్రోమ్ వాడుతున్నానని అక్కడ చెప్పలేదు, వాళ్ళూ అడగలేదు. ఐదో రోజు పొద్దున్న పళ్ళు తోముకుంటే చిగుళ్ళ నుంచి రక్తం ఆగలేదు, మోచేతి మీద దెబ్బ తగలకుండానే నల్లగా కమిలింది. మా తమ్ముడు నరసన్నపేట నుంచి ఆటో కట్టించుకుని హైవే మీద శ్రీకాకుళం తీసుకొచ్చేసరికి నేను ఆసుపత్రి గేటు దగ్గర నిలబడి ఉన్నాను. ఐఎన్ఆర్ 5.8. మెట్రోనిడజోల్ ఈ మాత్ర బలాన్ని పెంచేస్తుందట, దానికి తోడు నాలుగు రోజులు తిండి సరిగ్గా లేదు. ఒక రాత్రి ఉంచుకున్నారు, రెండు సాయంత్రాలు ఎసిట్రోమ్ ఆపారు, నల్లటి విరేచనం అయిందా, తలనొప్పి ఉందా అని మళ్ళీ మళ్ళీ అడిగారు. ఈసారి మాత్ర ఆపింది డాక్టర్లు, లెక్క చూసుకుని. మూడో రోజుకి 3.1 కి దిగింది.

సాయంత్రం 6 గంటలకే ఎందుకు వేసుకోమన్నారో కూడా అక్కడే తెలిసింది. పొద్దున్న రక్తం ఇస్తే మధ్యాహ్నానికి రిపోర్టు వస్తుంది, డోసు మార్చాలంటే ఆ సాయంత్రం మాత్రకే మార్చొచ్చు.

ఇప్పుడు అమ్మ పర్సులో ఒక చిన్న డైరీ ఉంది. తేదీ, ఐఎన్ఆర్, డోసు, కొత్తగా వాడిన మందులు, నాలుగు గడులు. మొదటి పేజీలో పెద్దక్షరాలతో "నాకు మెకానికల్ వాల్వ్ ఉంది, ఎసిట్రోమ్ వాడుతున్నాను, నా ఐఎన్ఆర్ 2.5 నుంచి 3.5 ఉండాలి" అని రాశాను. ఒళ్ళు నొప్పులకి ఇంజెక్షన్ చేస్తానన్నా, పెయిన్ కిల్లర్ ఇస్తానన్నా ముందు ఆ పేజీ చూపించమని చెప్పాను.

పోయిన వారం దవడ పన్ను నొప్పి అంటే డే అండ్ నైట్ జంక్షన్ దగ్గర పళ్ళ డాక్టరుకి చూపించాం. పన్ను తీయాలన్నారు. నేను నోరు తెరిచేలోపే అమ్మ డైరీ తీసి ఆయన ముందు పెట్టింది. "నిన్ననే చేయించాను బాబూ, రెండు పాయింట్ తొమ్మిది. రేషియో కాదు, ఐఎన్ఆరే" అంది. ఆయన విశాఖ డాక్టరు గారితో ఫోన్‌లో మాట్లాడి, మాత్ర ఆపక్కర్లేదు, తీసే ముందు రోజు మళ్ళీ ఒకసారి చేయించుకుని రమ్మన్నారు. గురువారం రక్తం ఇవ్వాలి, శుక్రవారం పన్ను తీస్తారు, ఆ శుక్రవారం తోటకూర పప్పు మెత్తగా ఉడికించి పెడతాను.