లియాన్‌లో మొదటి సినిమా వీధి

ఫ్రాన్స్‌లోని లియాన్ నగరంలో, పార్ట్-ద్యూ స్టేషన్‌లో దిగి మెట్రో బి లైన్ ఎక్కాను. సాక్స్-గాంబెత్తాలో డి లైన్‌కి మారితే మూడో స్టేషనే మోంప్లెజీర్-లూమియేర్. బయటికి రాగానే, సినిమటోగ్రాఫ్ అనే సినిమా యంత్రం తయారుచేసిన లూమియేర్ సోదరుల కుటుంబం మేడ, ఇప్పుడది మ్యూజియం. దాని పక్కన వీధి. ఆ వీధి పేరే 'మొదటి సినిమా వీధి'. సోమవారాలు మ్యూజియం మామూలుగా మూసి ఉంటుంది, చూసుకుని వెళ్లండి.

మేడ అందంగానే ఉంది కానీ, నా కాళ్లు ఆగిపోయింది సినిమటోగ్రాఫ్ ముందు. 1895 ఫిబ్రవరి 13న పేటెంటు తీసుకున్న యంత్రం ఇది. చేత్తో తిప్పే పిడి ఉన్న చిన్న చెక్క పెట్టె, బరువు ఐదు కిలోలు. షూటింగుకీ ఇదే, ప్రింటు వేయడానికీ ఇదే. వెనక దీపం పెడితే ప్రొజెక్టరూ ఇదే.

దీని కిటుకంతా ఫిల్మ్‌ని ఆపడంలో ఉంది. అంతకుముందు వచ్చిన ఎడిసన్ కైనెటోస్కోప్ అనే బొమ్మల పెట్టెలో ఫిల్మ్ ఆగకుండా పరిగెత్తేది. బొమ్మ మసకబారకుండా సన్నటి చీలికలోంచి రెప్పపాటు వెలుగే పడనిచ్చేవారు. ఆ వెలుగు తెరకు చాలదు, అందుకే ఒక్కొక్కరే కంతలోంచి చూడాల్సి వచ్చేది. ఇక్కడ మూడు మూలల క్యామ్ (తిరుగుతూ తోసే బిళ్ల) ఒక కొక్కేన్ని ఆడిస్తుంది. కొక్కెం ఫిల్మ్ అంచు రంధ్రాల్లో దూరి ఒక్క ఫ్రేము కిందికి లాగి వదిలేస్తుంది. లాగేంతసేపూ షట్టరు వెలుగును మూసేస్తుంది, ఫిల్మ్ నిలిచాక తెరుస్తుంది. కుట్టుమిషన్‌లో బట్ట జరిగే తీరే దీనికి ప్రేరణ అంటారు, చూస్తే నమ్మబుద్ధేస్తుంది.

పిడి ఒక చుట్టుకు 8 ఫ్రేములు, సెకనుకు రెండు చుట్లు. 17 మీటర్ల ఫిల్మ్ దాదాపు 50 సెకన్లలో అయిపోతుంది. ఫ్రేముకు అటొకటి ఇటొకటి గుండ్రటి రంధ్రం మాత్రమే. అది చిరిగితే కొక్కేనికి పట్టు దొరకదు, తెరమీద బొమ్మ ఎగురుతుంది. దీపం వేడి ఇంకో గండం, ఎందుకంటే నైట్రేట్ ఫిల్మ్ ఇట్టే అంటుకుంటుంది. అందుకని దీపానికీ ఫిల్మ్‌కీ మధ్యలో నీళ్లు నింపిన గాజు బుడ్డి పెట్టారు. అది వెలుగును ఒకచోటికి చేరుస్తుంది, వేడినీ పీల్చుకుంటుంది. బుడ్డి పగిలినా వెలుగు చెదిరిపోయి ఫిల్మ్ బతుకుతుంది. ఎంత తెలివైన ఏర్పాటో!

ఐదు కిలోల బరువే దీన్ని ఊళ్లు తిప్పింది. 1895 డిసెంబర్ 28న పారిస్ గ్రాండ్ కఫేలో ఒక ఫ్రాంక్ టికెట్టుతో ఆట వేస్తే, 1896 జూలై 7కల్లా బొంబాయి వాట్సన్ హోటల్‌కి చేరిపోయింది.

చివరగా హ్యాంగర్, అంటే లూమియేర్ల ఫ్యాక్టరీ షెడ్డు. 1895 మార్చి 19న ఫ్యాక్టరీ పనివాళ్లు బయటికి వస్తుంటే సినిమా తీసింది ఇక్కడే, వీధికి ఆ పేరు దాన్నిబట్టే. ఆ సినిమాకు మూడు కూర్పులున్నాయి: ఒకదాంట్లో ఒక గుర్రం, ఒకదాంట్లో రెండు, ఇంకోదాంట్లో గుర్రమే లేదు. హ్యాంగర్‌లో ఇప్పుడు థియేటరు నడుస్తోంది. సాయంత్రం ఆటకు టికెట్టు తీసుకోండి.